ఇంటి మీద పడవ

ఎందుకొస్తారు వీళ్లంతా, అని పత్రికవాళ్లు నన్నడుగుతారు.
వచ్చేవాళ్లనడగాల్సిన మాట.

బందా ఆచేలో, మా సందు చివర
ఓ ఇంటి కప్పు మీద పడవ ఉంది.
ఇరవై ఏళ్లుగా ఉంది.
సముద్రం తెచ్చి పెట్టింది,
తీసుకెళ్లడం మరిచిపోయింది.
దానికెదురుగా నా కాఫీ కొట్టు.
నా పేరు సఫ్రీదా.
పొద్దున ఎనిమిదింటికి మొదటి బస్సు.

మొదట్లో లెక్కపెట్టేదాన్ని,
తలెత్తగానే నోరు తెరిచేవాళ్లెందరు,
నోరు మూసుకునేవాళ్లెందరు అని.
గొడుగు కింద నవ్వుతూ ఫొటో దిగి
దిగాక, నవ్వొచ్చా అన్నట్టు నావైపు చూసిన అమ్మాయి.
పడవ చెక్కని ముట్టుకుని
వేళ్లు వాసన చూసుకున్న ముసలాయన.
ఓ పిల్లాడైతే గట్టిగా అడిగేశాడు,
"ఇంత పైకి దీన్నెవరు నడిపారు?"
వాళ్లమ్మ వాడి నోరు నొక్కింది.
ఆ నెలంతా నాకు నచ్చిన ప్రశ్న అదొక్కటే.

గైడు బుఖారీ ఒకే కథ రోజుకి నాలుగుసార్లు చెబుతాడు.
నాలుగోసారికి గొంతు బొంగురుపోతుంది.
ఏడుపనుకుని చేతిలో ఎక్కువ పెడతారు.
అది ఏడుపు కాదని నాకు తెలుసు.
వాడికి తెలుసో లేదో తెలీదు.

ఒకసారి జపాను నుంచి ఒకాయన.
పడవ వంక చూడనే లేదు.
గోడ మీద నీటి గీత వెతికి
దాని కింద వీపు ఆనించి నిలబడ్డాడు,
బడిలో ఎత్తు కొలిపించుకునే పిల్లాడిలా.
గీత ఆయన తలకి రెండు మూరల పైన.
ఫొటో తియ్యలేదు. కాఫీ తాగలేదు.
గ్లాసు చల్లారేదాకా చేతుల్లో పట్టుకు కూర్చుని
డబ్బులిచ్చి వెళ్లాడు.

నేనా నిచ్చెన ఎప్పుడూ ఎక్కలేదు.
పైనుంచి చూస్తే మా ఇల్లుండిన చోటు కనబడుతుందట.
ఇప్పుడక్కడ బైకులు కడుగుతారు.
నాకు కిందనుంచే కనబడుతుంది.

వాళ్లమీద కోపం ఉండేది, దాచడమెందుకు.
మీ ఊళ్లో శ్మశానాలు లేవా, అనుకునేదాన్ని
చిల్లర లెక్కపెట్టి ఇస్తూ.
కాఫీలో చక్కెర కాస్త తక్కువేసేదాన్ని.
అంతకుమించిన పగ నాకు చేతకాలేదు.

పోయినేడు మేనల్లుడి పెళ్లికి జావా వెళ్లాను.
మర్నాడు ఆడపెళ్లివారు జీపు మాట్లాడారు,
మెరాపి కొండ తగలబెట్టిన ఊరు చూపిస్తామని.
రానంటాననుకున్నాను.
ముందు సీటు కోసం తోసుకున్నది నేనే.

బూడిద దారి. గోడలు మిగిలిన ఓ ఇల్లు.
లోపల బల్ల మీద
కరిగి కారిన గడియారం, వంగిన చెంచాలు,
ఆవుదో పెయ్యదో, వరసగా పేర్చిన ఎముకలు.
ఫోను తీశాను.
ఒకటా రెండా, పదకొండు ఫొటోలు.
గడియారం పక్కన నిలబడి ఒకటి తీయించుకున్నాను కూడా.
అందులో నేను నవ్వుతున్నానో లేదో
ఇప్పటికీ తేల్చుకోలేను.

బయట అరుగు మీద ఒకావిడ
అల్లం టీ అమ్ముతోంది.
నా నోట వచ్చిన మొదటి మాట,
"అప్పుడు నువ్విక్కడే ఉన్నావా?"
ఇరవై ఏళ్లుగా నన్ను గిల్లుతున్న మాట.
అదే మెత్తటి గొంతు,
అలాగే తల పక్కకి వాల్చడం.

ఆవిడ అవుననలేదు, కాదనలేదు.
"చక్కెరెంత వెయ్యను?" అంది.

గడియారం సంగతి మరిచిపోయి
ఆవిడ చేతులే చూస్తూ ఉండిపోయాను.
అల్లం దంచింది. మంట తగ్గించింది.
గ్లాసు తుడిచింది, వెలుతురుకి పట్టి చూసి
మళ్లీ తుడిచింది.
ఇంత దూరం ఇది చూడ్డానికే వచ్చానేమో.
ఏమో, కాకపోవచ్చు.
కొండ ఎర్రగా కనబడుతుందనే ఆశ కూడా ఉండింది.

"మాది ఆచే" అన్నాను గ్లాసందుకుంటూ.
ఆవిడ కళ్లు ఒక్కసారి వెలిగాయి.
"అక్కడ ఇంటి మీద పడవ ఉందట కదా!
ఎప్పటికైనా చూడాలి."

కోపం కోసం వెతుక్కున్నాను, దొరకలేదు.
రా, అన్నాను.
ఎదురుగానే నా కొట్టు.
చక్కెర సరిగ్గా వేస్తాను.